నెట్ లేని దారిలోనూ పాట ఆగకుండా: ప్రయాణానికి ముందు ఫోన్ సిద్ధం చేసుకునే పద్ధతి

హన్మకొండ బస్టాండ్‌లో ఏటూరునాగారం బస్సెక్కితే ములుగు దాకా పాటకు పెద్దగా అడ్డంకి ఉండదు. గోవిందరావుపేట, పస్రా దాటి బస్సు తాడ్వాయి అడవిలోకి దిగిందంటే మాత్రం చరణం మధ్యలో పాట ఆగిపోతుంది, తెర మీద చక్రం తిరుగుతూ ఉంటుంది. కాజీపేట నుంచి బల్లార్షా వైపు రైల్లో పోయేవాళ్లకూ ఇదే అనుభవం. పెద్దపల్లి, మంచిర్యాల లాంటి ఊళ్ల దగ్గర సిగ్నల్ నిండుగా ఉంటుంది, ఊరు దాటగానే పలచబడుతుంది, కాగజ్‌నగర్ తర్వాత అడవి మొదలయ్యాక వచ్చిపోతూ ఉంటుంది. ఆసిఫాబాద్ నుంచి ఉట్నూరు పోతూ కెరమెరి ఘాట్ ఎక్కేటప్పటి సంగతి అటు తిరిగేవాళ్లకు చెప్పనక్కర్లేదు.

ఈ దారుల్లో పాట ఆగకుండా వినడం కష్టమేమీ కాదు. పెద్ద యాప్‌లన్నిట్లో డౌన్‌లోడ్ సౌకర్యం ఉంది. చిక్కల్లా ఎక్కడంటే, చాలామంది బాణం గుర్తు ఒకసారి నొక్కి అయిపోయిందనుకుంటారు. బస్సు కదిలాక చూస్తే సగం పాటలు బూడిద రంగులో, నొక్కినా పలకకుండా ఉంటాయి. డౌన్‌లోడ్ నొక్కడం వేరు, నెట్ లేనప్పుడు ఆ పాట మోగడం వేరు. మోగుతుందో లేదో ఇంట్లో ఉండగానే తేల్చుకోవాలి. అందుకు ఏం చేయాలో వరసగా చెబుతాను.

1. మీ ప్లాన్‌లో డౌన్‌లోడ్ ఉందా, లేదా?

మొదట ఇది చూడండి. స్పాటిఫై ఉచిత ఖాతాలో పాడ్‌కాస్ట్‌లు డౌన్‌లోడ్ అవుతాయి గానీ పాటలు కావు. యూట్యూబ్ మ్యూజిక్‌లో పాటలు దించుకోవాలంటే ప్రీమియం ఉండాలి. యూట్యూబ్ ప్రీమియం కట్టినవాళ్లకు మ్యూజిక్ అందులోనే కలిసి వస్తుంది, విడిగా కట్టక్కర్లేదు. జియోసావన్‌లో ప్రో అనే చందా కావాలి. యాపిల్ మ్యూజిక్ మొత్తం చందా మీదే నడుస్తుంది. ప్లాన్ల పేర్లు, ధరలు తరచూ మారుతుంటాయి కాబట్టి పోయినేడు ఎవరో చెప్పిన మాట పట్టుకుని కట్టేయకండి. అన్నిటికంటే చౌక ప్లాన్‌లో డౌన్‌లోడ్ ఉందో లేదో, ఉంటే ఎన్ని పాటలకో చదివాకే డబ్బు కట్టండి.

మామూలు యూట్యూబ్ యాప్‌లో మన దేశంలో డబ్బు కట్టకుండానే కొన్ని వీడియోలు దించుకోవచ్చు. అన్నీ కావు, సంగీతం వీడియోల్లో చాలావాటికి ఆ అవకాశం ఉండదు. దించుకున్నా, ప్రీమియం లేకపోతే తెర ఆపగానే పాట ఆగిపోతుంది. తెర వెలుగుతూనే ఉండాలంటే బ్యాటరీ మేడారం చేరకముందే సగమవుతుంది. కాబట్టి దీన్ని అత్యవసరానికే ఉంచుకోండి.

ఇంకో సంగతి మనసులో పెట్టుకోవాలి. ఇలా దించుకున్న పాట మామూలు ఎంపీ3 ఫైల్ కాదు. యాప్ దానికి తాళం వేసి దాస్తుంది. ఫైల్ మేనేజర్‌లో వెతికినా పాట పేరుతో కనపడదు, బ్లూటూత్‌లో స్నేహితుడికి పంపలేరు, వేరే ప్లేయర్‌లో తెరవలేరు. కిరాయి ఇల్లు లాంటిదన్నమాట, కిరాయి కట్టినన్నాళ్లే తాళంచెవి మన చేతిలో ఉంటుంది. చందా ఆగితే పాట మోగదు. యాప్ మూతపడినా అంతే. రెస్సో 2024 జనవరిలో మన దేశంలో ఆగిపోయింది. వింక్ మ్యూజిక్‌ను మూసేస్తున్నట్టు అదే ఏడాది ఎయిర్‌టెల్ ప్రకటించింది. వాటిలో ఏళ్ల తరబడి పేర్చుకున్న జాబితాలు ఉన్నవాళ్లు మళ్లీ మొదట్నుంచి వెతుక్కోవాల్సి వచ్చింది. అందుకే బాగా ఇష్టమైన పాటల పేర్లు, పాడినవాళ్ల పేర్లు ఫోన్‌లో నోట్స్‌లోనో, ఒక కాగితం మీదో రాసి పెట్టుకోమని గట్టిగా చెబుతాను.

2. ఎంత జాగా, ఎంత డేటా?

ఇక్కడ కాస్త లెక్క వేసుకుంటే తర్వాత టెన్షన్ ఉండదు. పాట నాణ్యతను సెకనుకు ఎన్ని కిలోబిట్లు అన్నదాన్ని బట్టి కొలుస్తారు. స్పాటిఫైనే తీసుకుంటే నార్మల్ 96, హై 160, వెరీ హై 320 కేబీపీఎస్. ఎనిమిది బిట్లు ఒక బైటు కాబట్టి, అయిదు నిమిషాల పాట 96లో సుమారు 3.6 ఎంబీ, 160లో 6 ఎంబీ, 320లో 12 ఎంబీ అవుతుంది. అంటే వంద పాటలకు 360 ఎంబీ, 600 ఎంబీ, 1.2 జీబీ. నాణ్యత ఏమాత్రం తగ్గించకుండా దాచే లాస్‌లెస్ అనే రకమైతే ఒక్కో పాటే 30 ఎంబీ దాటొచ్చు.

నా మాట వింటే బస్సుకూ రైలుకూ 160 చాలు. ఎక్స్‌ప్రెస్ బస్సు ఇంజిన్ హోరులో, కిటికీ గాలిలో 160కీ 320కీ తేడా పట్టుకోవడం చాలా కష్టం. పైగా బ్లూటూత్ ఇయర్‌ఫోన్లు పాటను మళ్లీ కుదించే చెవికి చేరవేస్తాయి, కాబట్టి లాస్‌లెస్ దించుకుని మామూలు బ్లూటూత్‌లో వినడం జాగా దండగ. ఇంట్లో మంచి స్పీకర్లో వినేదానికి వేరే లెక్క.

యాప్ సెట్టింగ్స్‌లో స్ట్రీమింగ్ నాణ్యత, డౌన్‌లోడ్ నాణ్యత అని రెండు విడివిడిగా ఉంటాయి. మనం మార్చాల్సింది రెండోది. దించుకోవడం మొదలుపెట్టకముందే మార్చండి. మధ్యలో మారిస్తే పాటలు మళ్లీ మొదట్నుంచి దిగే అవకాశం ఉంది, డేటా రెండింతలు పోతుంది.

ఫోన్ స్టోరేజ్ అంచు దాకా నిండి ఉంటే డౌన్‌లోడ్ చెప్పాపెట్టకుండా ఆగుతుంది. కావాల్సిన దానికంటే కనీసం ఒకటి రెండు జీబీలు ఎక్కువ ఖాళీ ఉంచుకోండి. వాట్సాప్ గ్రూపుల్లో వచ్చిపడిన గుడ్ మార్నింగ్ వీడియోలు తీసేస్తే చాలామంది ఫోన్లలో ఆ జాగా అక్కడే దొరుకుతుంది. మెమరీ కార్డు పట్టే ఆండ్రాయిడ్ ఫోన్ అయితే పాటలను కార్డులోకి మార్చుకునే వీలు స్పాటిఫైలో ఉంది. కాకపోతే దారిలో కార్డు తీసి పెట్టడం లాంటివి చేయకండి, పాటలు మళ్లీ దించుకోమంటుంది.

3. డేటా ఎక్కడ దొరుకుతుంది?

ఇంట్లో వైఫై ఉంటే సమస్యే లేదు, తర్వాతి భాగానికి వెళ్లిపోండి. లేనివాళ్లకు మంచి మార్గం రోజువారీ డేటా ప్యాక్. రోజుకు 1.5 జీబీ, 2 జీబీ ఇచ్చే ప్లాన్లలో ఆ రోజు మిగిలింది అర్ధరాత్రి 12 గంటలకు పోతుంది, మర్నాటికి కలవదు. రాత్రి భోజనమయ్యాక ఎంత మిగిలిందో చూసుకుని, మిగిలినదాన్ని పాటలకు వాడండి. ఒక జీబీ మిగిలితే 160 నాణ్యతలో నూట అరవై పాటల దాకా వస్తాయి. ప్రయాణానికి మూడు నాలుగు రోజుల ముందు నుంచే ఇలా చేస్తే ఒక్క రూపాయి అదనంగా ఖర్చు కాకుండా జాబితా నిండుతుంది. ఒక్క జాగ్రత్త: కోటా పూర్తయితే చాలా ప్లాన్లలో వేగం 64 కేబీపీఎస్‌కు పడిపోతుంది. ఆ వేగంలో 96 కేబీపీఎస్ పాట నేరుగా వినడమే కుదరదు, ఇక డౌన్‌లోడ్ మాట దేవుడెరుగు.

మొబైల్ డేటాతో దించాలంటే ఇంకో మీట కూడా ఉంది. చాలా యాప్‌లు వైఫైలోనే డౌన్‌లోడ్ చేసేలా ముందే అమర్చి ఉంటాయి. బాణం నొక్కినా "వైఫై కోసం వేచి ఉంది" అన్నట్టు ఆగిపోతే కారణం అదే. సెట్టింగ్స్‌లో మొబైల్ డేటాతో డౌన్‌లోడ్‌కు అనుమతి ఇవ్వండి, పని అయ్యాక మళ్లీ ఆపేయండి.

స్టేషన్‌కు ముందే చేరుకుంటే రైల్‌వైర్ అనే రైల్వే వైఫై ఉంది. ఫోన్ నంబర్ ఇచ్చి ఓటీపీ కొడితే రోజుకు మొదటి 30 నిమిషాలు ఉచితం, వేగం 1 ఎంబీపీఎస్. లెక్క ప్రకారం అరగంటలో 225 ఎంబీ, అంటే ముప్పై ఏడు పాటలు. ప్లాట్‌ఫాం రద్దీలో అంత పూర్తిగా రాదు గానీ, మర్చిపోయిన పది పాటలు దించుకోవడానికి సరిపోతుంది. దాన్నే నమ్ముకుని మాత్రం బయల్దేరకండి.

4. జాబితా

వేల పాటలు దించుకుని దారంతా వెతుక్కునేవాళ్లను చూస్తుంటాను. నెట్ లేనప్పుడు యాప్‌లో వెతకడం కూడా సరిగా నడవదు. అందుకే ప్రయాణానికని విడిగా ఒక ప్లేలిస్ట్ చేసి, దాన్నే మొత్తంగా దించుకోవడం మంచి పద్ధతి. కాజీపేట నుంచి సికింద్రాబాద్ సుమారు 130 కిలోమీటర్లు, రెండు గంటల పైచిలుకు, ముప్పై పాటలు చాలు. కాజీపేటలో తెలంగాణ ఎక్స్‌ప్రెస్ ఎక్కి ఢిల్లీ పోతే ఒక పగలూ ఒక రాత్రీ గడపాలి. దానికి నూట యాభై పాటలు పెట్టుకుని, మధ్యమధ్య రెండు మూడు పాడ్‌కాస్ట్‌లో కథలో కలుపుకుంటే విసుగు రాదు.

సినిమా పాటలు ఏ యాప్‌లోనైనా దొరుకుతాయి, వాటి గురించి చెప్పేదేమీ లేదు. మన జానపదాలకే శ్రమ. బతుకమ్మ పాటలు, సమ్మక్క సారలమ్మ పాటలు, ఒగ్గుకథలు, ఈ మధ్య పెళ్లి బరాతుల్లో మోగే కొత్త జానపదాలు ఎక్కువగా యూట్యూబ్ చానళ్లలోనే పుడతాయి. వాటిలో కొన్ని తర్వాత జియోసావన్‌కో స్పాటిఫైకో వస్తాయి, చాలావి రావు. కాబట్టి జానపదం ఎక్కువ వినేవాళ్లకు యూట్యూబ్ మ్యూజిక్ అన్నిటికంటే నయమని నా అభిప్రాయం. యూట్యూబ్‌లో ఉన్న పాట వీడియోలు అక్కడా దొరుకుతాయి.

వెతికేటప్పుడు ఒకే స్పెల్లింగ్‌తో ఆగిపోకండి. బతుకమ్మ అన్న మాటను ఇంగ్లిష్ అక్షరాల్లో హెచ్ పెట్టి రాసేవాళ్లున్నారు, పెట్టకుండా రాసేవాళ్లున్నారు. సమ్మక్కను ఒక కె తోనూ రాస్తారు, రెండు కె లతోనూ రాస్తారు. తెలుగు లిపిలో కూడా కొట్టి చూడండి. పాట పేరు గుర్తులేకపోతే పల్లవిలో మొదటి మూడు మాటలు కొట్టండి. ఒక పాట దొరికాక దాన్ని పెట్టిన చానల్ పేజీలోకి వెళితే అదే గొంతు పాడిన మిగతావి వరసగా కనిపిస్తాయి, అసలు ఖజానా అక్కడే ఉంటుంది.

దొరకని పాటను అడ్డదారి ఎంపీ3 సైట్ల నుంచి దించుకోవద్దని నా మనవి. అక్కడ డౌన్‌లోడ్ అని రాసిన మీటల్లో సగం ఏవో యాప్‌లను ఫోన్‌లోకి తెచ్చిపెడతాయి. అంతకంటే ముఖ్యం, ఊళ్లో డప్పు కొట్టి, పాట కట్టి, సొంత డబ్బుతో రికార్డు చేసి పెట్టిన కళాకారుడికి ఆ దారిలో ఒక్క పైసా ముట్టదు.

5. దించుకోవడం

రాత్రి ఫోన్ చార్జింగ్‌లో పెట్టి మొదలుపెట్టండి. ప్లేలిస్ట్ పైన ఉండే బాణం గుర్తు నొక్కితే పాటలన్నీ వరసలో చేరతాయి. తెర ఆపేసి పడుకుంటే కొన్ని ఫోన్లు బ్యాటరీ ఆదా పేరుతో యాప్‌ను మధ్యలోనే ఆపేస్తాయి. ఆ ఒక్క యాప్‌కు బ్యాటరీ సేవర్ నుంచి మినహాయింపు ఇవ్వండి, లేదా పూర్తయ్యేదాకా యాప్ తెరిచే ఉంచండి. స్పాటిఫైలో పాట పేరు కింద ఆకుపచ్చ గుండ్రంలో బాణం కనపడితే ఆ పాట దిగినట్టు. పైన ప్లేలిస్ట్‌కు గుర్తు వచ్చిందని ఊరుకోకుండా కింది దాకా జరిపి, ప్రతి పాట పక్కనా ఉందో లేదో చూడండి.

6. ఏరోప్లేన్ మోడ్ పరీక్ష

ఈ వ్యాసంలో ఒక్కటే గుర్తుంచుకుంటానంటే ఇది గుర్తుంచుకోండి. బయల్దేరే ముందు రాత్రి ఏరోప్లేన్ మోడ్ పెట్టండి. వైఫై కూడా ఆగిందో లేదో చూడండి, కొన్ని ఫోన్లలో అది వెలుగుతూనే ఉంటుంది. ఇప్పుడు యాప్‌ను ఇటీవలి యాప్‌ల వరసలోంచి పైకి తోసి పూర్తిగా మూసేసి, మళ్లీ తెరవండి. మూయకుండా పరీక్షిస్తే లాభం లేదు. ఇందాక విన్న పాట తాత్కాలికంగా ఫోన్‌లో మిగిలి ఉండి మోగుతుంది, మీరేమో దిగిందనుకుంటారు.

తెరిచాక లైబ్రరీలో డౌన్‌లోడ్స్ లోకి వెళ్లి మొదటి పాట, మధ్యలో ఒకటి, చివరిది నొక్కండి. ప్రతిదాన్నీ కాస్త ముందుకు జరిపి, చివరి అర నిమిషం వినండి. మూడూ మోగితే జాబితా సిద్ధం. ఒకటి బూడిద రంగులో ఉంటే నెట్ పెట్టి దాన్ని తీసేసి మళ్లీ దించుకోండి. కొన్నిసార్లు హక్కులున్న కంపెనీ ఆ పాటను యాప్‌లోంచి తీసేసి ఉంటుంది, అప్పుడు అదే పాట వేరే ఆల్బంలో ఉందేమో వెతకాలి. పాట మాటలు తెర మీద చూస్తూ పాడుకునే అలవాటుంటే అదీ ఇప్పుడే చూసుకోండి. నెట్ లేకపోతే చాలాచోట్ల సాహిత్యం కనపడదు.

పరీక్ష అయ్యాక యాప్‌ను ముట్టుకోకండి. లాగౌట్ కావద్దు, డేటా క్లియర్ చేయొద్దు, క్లీనర్ యాప్‌లు నడపొద్దు. లాగౌట్ అయితే మళ్లీ లోపలికి పోవడానికి పాస్‌వర్డో ఓటీపీయో కావాలి, తాడ్వాయి అడవిలో ఓటీపీ రాదు. క్యాష్, అంటే యాప్ దాచుకునే తాత్కాలిక ఫైళ్లు, క్లియర్ చేస్తే స్పాటిఫైలో దించుకున్న పాటలు పోవు గానీ, దాని పక్కనే ఉండే క్లియర్ డేటా నొక్కితే అన్నీ పోతాయి. రెండు మీటలూ ఒకేచోట ఉంటాయి కాబట్టి జాగ్రత్త.

7. దారిలో

సిగ్నల్ లేనిచోట ఫోన్ టవర్ కోసం వెతుకుతూ బ్యాటరీని తినేస్తుంది. ఫోన్లు వచ్చే అవసరం లేకపోతే అడవి మొదలవగానే ఏరోప్లేన్ మోడ్ పెట్టి, బ్లూటూత్ ఒక్కటి మళ్లీ ఆన్ చేసుకోండి. ఫోన్ కాల్ రావాలనుకుంటే యాప్‌లోని ఆఫ్‌లైన్ మోడ్ చాలు. అప్పుడు యాప్ నెట్ కోసం పదేపదే ప్రయత్నించకుండా దించుకున్నవే చూపిస్తుంది.

వైరున్న ఇయర్‌ఫోన్ ఒకటి సంచిలో వేసుకోండి. బ్లూటూత్ చార్జింగ్ అయిపోయినా పనికొస్తుంది, ఎఫ్ఎం రేడియో ఉన్న ఫోన్లలో ఆ వైరే ఏరియల్‌గా పనిచేస్తుంది. వరంగల్‌లోనూ ఆదిలాబాద్‌లోనూ ఆకాశవాణి కేంద్రాలున్నాయి, దగ్గర్లో ఉన్నంతసేపు నెట్ లేకుండానే వాటిని వినొచ్చు. కొత్త ఫోన్లలో చాలావాటికి రేడియో ఉండటం లేదు, ముందే చూసుకోండి.

చప్పుడు గురించి కూడా చెప్పాలి. పెద్దవాళ్లకు వారానికి 80 డెసిబెల్స్‌లో 40 గంటలు దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. 90కి పెంచితే అదే పరిమితి 4 గంటలకు పడిపోతుంది. బస్సు హోరును దాటించడానికి వాల్యూమ్ పెంచుతూ పోవడం వల్లే చెవులకు చేటు. చెవిలో బిగుతుగా కూర్చునే రబ్బరు బుడిపెలున్నవి వాడితే బయటి చప్పుడు తగ్గి, తక్కువ వాల్యూమ్ సరిపోతుంది. స్పీకర్లో పెట్టి బోగీ అంతటికీ వినిపించడం వద్దు. రాత్రి 10 దాటాక రైల్లో గట్టిగా పాటలు పెట్టకూడదని రైల్వే 2022లో ఆదేశాలిచ్చింది. ఇక బండి నడిపేవాళ్లు రెండు చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని వెనక వచ్చే లారీ హారన్ వినకపోతే పాణాల మీదికొస్తుంది. బండి మీద పాట వద్దే వద్దు.

8. ముప్పై రోజుల లెక్క

స్పాటిఫై, యూట్యూబ్ మ్యూజిక్ రెండింట్లోనూ కనీసం 30 రోజులకోసారి నెట్ తగిలించాలి, లేకపోతే దించుకున్నవి మోగవు. చందా ఇంకా నడుస్తోందా అని చూసుకోవడం ఒక కారణం. నెట్ లేనప్పుడు మీరు ఏ పాట ఎన్నిసార్లు విన్నారో లెక్క తీసుకుని పాడినవాళ్లకు డబ్బు చేర్చడం ఇంకో కారణం. అడవిలో మీరు విన్న జానపదానికీ ఆ కళాకారుడి ఖాతాలో లెక్క పడాలంటే ఊరు చేరాక ఒకసారి యాప్ తెరవాలన్నమాట. ఫోన్ తేదీ, సమయం ఆటోమేటిక్‌లోనే ఉంచండి, తేదీ తప్పుగా ఉంటే ఈ గడువు లెక్కలు గందరగోళమవుతాయి.

స్పాటిఫైలో ఒక ఖాతాతో అయిదు పరికరాల దాకా, ఒక్కోదాంట్లో 10,000 పాటల దాకా దించుకోవచ్చు. ఆరో ఫోన్‌లో దించితే ఎక్కువ రోజులుగా వాడని పరికరంలో పాటలు పోతాయి. పాత ఫోన్లు మార్చినవాళ్లు ఇది గమనించాలి.

సొంత ఫైళ్లున్నవాళ్లకు ఈ గడువుల బెడద లేదు. పాత మెమరీ కార్డులో మిగిలిన పాటలు, ఊళ్లో మనమే రికార్డు చేసుకున్న అమ్మమ్మ బతుకమ్మ పాట లాంటివి ఉంటే ఆండ్రాయిడ్‌లో యూట్యూబ్ మ్యూజిక్ ఉచితంగానే వినిపిస్తుంది, వీఎల్‌సీ అనే ప్లేయర్ కూడా బాగా పనికొస్తుంది. ఇలాంటివి ఒక ఇరవై ఎప్పుడూ ఫోన్‌లో ఉంచండి.

9. అమ్మానాన్నల ఫోన్

మేడారం జాతర రెండేళ్లకోసారి. అప్పుడు తాత్కాలిక టవర్లు పెట్టినా, లక్షల మంది ఒకేచోట చేరినప్పుడు నెట్ నడుస్తుందని నమ్మలేం. ఇంట్లో పెద్దవాళ్లు జాతర బస్సెక్కుతుంటే వాళ్ల ఫోన్ మీరే సిద్ధం చేయండి. అమ్మను అడిగి పాటలు ఎంచండి, మీకు నచ్చినవి పెట్టకండి. ఒకే ఒక్క ప్లేలిస్ట్, ముప్పై పాటలు. యాప్ గుర్తును హోం స్క్రీన్ మీద కింది వరసలో, ఫోన్ చేసే గుర్తు పక్కనే పెట్టండి. యాప్‌లో ఆఫ్‌లైన్ మోడ్ ఆన్ చేసి వదిలేయండి, అప్పుడు దించుకున్నవి తప్ప వేరేవి కనపడి తికమక పెట్టవు.

తర్వాత ఫోన్ ఆమె చేతికే ఇచ్చి, "అమ్మా, ఇప్పుడు నువ్వే పెట్టు" అనండి. మీరు వేలు పెట్టకుండా చూడండి. ఎక్కడ ఆగిందో అక్కడే చూపించండి: "ఇదిగో, ఈ బొమ్మ ముట్టు, తర్వాత ఈ ఆకుపచ్చ గుండ్రం ముట్టు, ఆపాలంటే మళ్లీ అదే." ఇయర్‌ఫోన్ పెట్టుకోవడం, వాల్యూమ్ పక్క మీటతో తగ్గించడం కూడా ఆమెతోనే చేయించండి. రెండోసారి మీ సాయం లేకుండా పాట పెట్టగలిగితే చాలు. తిరిగొచ్చాక ఆఫ్‌లైన్ మోడ్ తీసేసి, ఒకసారి వైఫై తగిలించి, ఏ పాట మళ్లీ మళ్లీ విన్నదో అడిగి వచ్చే ప్రయాణానికి జాబితాలో అలాంటివే కలపండి.